చిన్న చిత్రానికి నేపథ్య సంగీతం ఎక్కడిది?

సినిమా చూచి వచ్చిన మిత్రుని "పాటలెట్లా ఉన్నవి?" అని అడగనివారుండరు. "పాటలు లేని చోట ఏమి వినిపించినది?" అని అడిగేవారు మాత్రం అరుదు. రెండున్నర గంటల చిత్రంలో పాటలకు పోయే కాలం సాధారణంగా అరగంట. మిగిలిన రెండు గంటలూ మన చెవులు ఊరకే ఉండవు. తల్లి మౌనంగా గుమ్మంలో కూర్చున్నప్పుడు, కొడుకు ఉత్తరం విప్పుతున్నప్పుడు, చీకటి సందులో ఎవరో నడచి వస్తున్నప్పుడు ఏదో ఒక వాద్యం సన్నగా మ్రోగుతూనే ఉంటుంది. దానిని విన్నామన్న సంగతి మనకే తెలియదు. అయినా అది తన పని తాను చేసికొనిపోతుంది. ఎవరిని చూచి జాలిపడవలెనో, ఎవరిని చూచి జడియవలెనో మనకు చెప్పకనే చెప్పుతుంది. దీనినే నేపథ్య సంగీతమనీ, తెలుగు సినిమావారి వాడుకలో రీరికార్డింగ్ అనీ అంటారు.

పెద్ద పెట్టుబడితో తయారయ్యే చిత్రాల రీరికార్డింగును గురించి వ్రాయుటకు పత్రికలకు కొదవ లేదు. మేము ఇక్కడ ముచ్చటించదలచినది చిన్న చిత్రాల సంగతి. అనగా పెద్ద నిర్మాణ సంస్థల అండ లేకుండా, తక్కువ డబ్బుతో, తమకు తోచిన విషయాన్ని తమకు తోచిన రీతిలో చెప్పదలచినవారు తీసే స్వతంత్ర చిత్రాలు. నేడు చేతిలో ఒక ఫోను ఉన్న ప్రతి విద్యార్థీ ఇటువంటి చిత్రాన్ని తీయగలుగుతున్నాడు. కనుక ఇది ఎవరో విద్వాంసులు తేల్చుకోవలసిన చర్చ కాదు. మన తరగతి గదులకు, మన వీధులకు చెందిన చర్చ.

మా అభిప్రాయాన్ని ముందుగానే చెప్పివేస్తాము. చిన్న చిత్రానికి కావలసిన సంగీతం ఆ చిత్రం పుట్టిన చోటనే ఉంటుంది. దానిని వినక, బయట తయారుగా దొరికే 'విషాదం', 'భయం', 'ఆనందం' అన్న చీటీలు అంటించిన బాణీలను తెచ్చి అతికించుట వలన చిత్రం చెడుటయే కాక, అందులోని మనుషులకు అన్యాయం జరుగుతున్నది. ఈ మాట మేము పుస్తకాలు చదివి నేర్చినది కాదు. మా పొరపాటు మాకు నేర్పినది.

గత సంవత్సరం మేము కొందరు విద్యార్థులం కలిసి 12 నిమిషాల చిత్రమొకటి తీశాము. మా పేటలో ఒక వృద్ధుడైన దర్జీ ఉన్నారు. అందరూ ఆయనను చాచా అంటారు. రంజాను పండుగకు ముందు వచ్చే చాంద్ రాత్ నాడు ఆయన దుకాణంలో దీపం ఆరదు. తెల్లవారేలోగా అందరి పిల్లల బట్టలూ అందజేయవలెను. చివరకు తన మనుమని చొక్కా మాత్రం కుట్టకుండానే మిగిలిపోతుంది. కథ అంతే. ఫోనుతో చిత్రీకరించాము, మిత్రుని కంప్యూటరు మీద కూర్చాము. ఇక సంగీతం కావలసివచ్చినది. అంతర్జాలంలో ఉచితంగా దొరికే వేలాది బాణీలలో 'విషాదం' అన్న విభాగం నుండి ఒక పియానో బాణీని తీసికొన్నాము. చాచా తెల్లవారుజామున జానిమాజ్ పరచి నమాజుకు నిలుచున్న ఘట్టానికి, 'అరేబియా' అన్న విభాగం నుండి ఎడారినీ ఒంటెలనూ తలపించే బాణీని ఒకదానిని తెచ్చి పెట్టాము. మాకది ఎంతో గంభీరంగా తోచినది.

చిత్రాన్ని మొదట చాచాకే చూపించాము. ఆయన చివరివరకూ శ్రద్ధగా చూచారు. అయిపోయిన తరువాత కొంచెం సేపు ఊరకుండి, "బేటా, యే బాజా కిస్ కా హై? హమారీ గలీ మే తో కభీ నై బజా" అన్నారు. ఈ వాద్యం ఎవరిది నాయనా, మా సందులో ఎన్నడూ మ్రోగలేదే అని ఆయన సందేహం. ఆయన కోపంతో అనలేదు. నిజంగానే తెలిసికొనుటకై అడిగారు. మా వద్ద సమాధానం లేదు. ఆ బాణీ ఎవరు కట్టినదో, ఎక్కడిదో మాకు తెలియదు. ఏ దేశపు ఎడారినో తెచ్చి, ఆ మనిషి పుట్టి పెరిగిన పేటలో, ఆయన జానిమాజ్ మీద పోసి వచ్చాము.

ఆ ప్రశ్న మమ్ము చాలాకాలం వదలలేదు. ఆలోచించిన కొలదీ తెలిసినదేమనగా, ఆ బాణీని మేము ఎంచుకొనలేదు. అది మా చేతికి అలవాటుగా వచ్చినది. చిన్ననాటి నుండి మేము చూచిన అనేక చిత్రాలలో ముస్లిం పాత్ర తెరమీదికి రాగానే అటువంటి రాగమేదో వినిపిస్తుంది. పాతబస్తీని చూపదలచినచో ముందుగా మీనారు, వెంటనే అజాన్. ప్రతినాయకుడైనచో ఆ రాగానికి ఒక హుంకారం తోడవుతుంది. పాత్ర నోరు విప్పకముందే సంగీతం తీర్పు చెప్పివేస్తుంది. ఈ అలవాటు ఒక్క మతానికి పరిమితమైనది కూడా కాదు. పల్లె అనగానే వేణువు, తెలంగాణ అనగానే డప్పు, పేద విధవరాలు అనగానే ఏడ్చే వయొలిన్. ఆ ఊరిలో వేణువు ఊదేవాడు ఉన్నాడా, ఆ ఇంట్లో నిజానికి ఏమి వినిపిస్తుంది అని అడిగేవారు లేరు. మాటలతో చేసిన అవమానానికి ఎవరైనా అభ్యంతరం చెప్పగలరు. సంగీతంతో చేసినదానిని పట్టుకొనుట కష్టం. ఎందుకనగా విన్నామని కూడా మనకు తెలియదు. నేపథ్య సంగీతంలో ఉన్న బలమూ ఇదే, ప్రమాదమూ ఇదే.

అయితే చిన్న చిత్రానికి మార్గమేమిటి? మనకు ముందు నడచినవారు ఏమి చేశారో చూచుట ఉచితం.

1955లో వెలువడిన సత్యజిత్ రాయ్ గారి 'పథేర్ పాంచాలీ'కి డబ్బు ఎంత కష్టంగా సమకూరినదో అందరికీ విదితమే. చివరకు పశ్చిమ బెంగాల్ ప్రభుత్వం ఆదుకొన్నది. సంగీతం కూర్చిన పండిత రవిశంకర్ గారికి తీరిక లేదు; ఆ చిత్రానికి కావలసిన సంగీతంలో అధికభాగం ఒకే రాత్రి కూర్చొని ముగించారు. తక్కువపడిన చోట ఛాయాగ్రాహకుడు సుబ్రత మిత్ర గారే సితారు పట్టి వాయించారు. ఇంత హడావుడిలో పుట్టిన సంగీతంలో ఒక ఘట్టం ఈనాటికీ పాఠంగా నిలిచి ఉన్నది. చాలాకాలానికి ఇల్లు చేరిన హరిహరుడు కూతురు దుర్గ కోసం తెచ్చిన చీరను భార్య చేతికి ఇస్తాడు. దుర్గ మరణించినదని అతనికి తెలియదు. సర్వజయ దుఃఖం కట్టలు తెంచుకొంటుంది. ఆమె నోరు తెరచుకొంటుంది కాని, మనకు ఆమె ఏడుపు వినిపించదు. దాని స్థానంలో తార్ షెహనాయి పట్‌దీప్ రాగంలో తారస్థాయిలో పలుకుతుంది. తార్ షెహనాయి అనగా కమానుతో వాయించే ఎస్రాజుకు గ్రామఫోను బాకావంటి గొట్టాన్ని అమర్చిన వాద్యం. అందులో తీగ నాదమూ, మనిషి గొంతులోని జీరా రెండూ ఉన్నవి. ఇక్కడ సంగీతం ఏడుపు వెనుక వినిపించలేదు. ఏడుపు స్థానంలో నిలిచినది. అప్పటివరకు ఆ ఇంట్లో రాయ్ గారు మనకు ఎంత మౌనాన్ని వినిపించకపోతే ఆ ఒక్క వాద్యానికి అంత శక్తి వచ్చి ఉండేది?

1961 నాటి 'తీన్ కన్యా' నుండి రాయ్ గారు తమ చిత్రాలకు తామే సంగీతం కూర్చుకొన్నారు. మహావిద్వాంసుడు రాగానికి న్యాయం చేయదలుస్తాడు; రాగం వికసించుటకు సమయం కావలెను. చిత్రమేమో ఇరువది సెకన్లు మాత్రమే ఇస్తుంది. 35 మిల్లీమీటర్ల ఫిల్ము సెకనుకు 24 చట్రాల చొప్పున, నిమిషానికి 90 అడుగుల పొడవున నడుస్తుంది. ఇరువది సెకన్ల ఘట్టమనగా 30 అడుగులు. ఆ 30 అడుగులలో మొదలిడి, చెప్పవలసినది చెప్పి, మాట వినవచ్చేసరికి తప్పుకొనవలెను. కచేరీ విద్య వేరు, ఈ విద్య వేరు. చోటు ఇచ్చి తప్పుకొనుటలోనే దీని గొప్పతనం ఉన్నది.

ఇక మన భాషలకు, మన ప్రాంతానికి సంబంధించిన ఉదాహరణలు కూడా లేకపోలేదు. ఎం.ఎస్. సత్యూ గారి 'గర్మ్ హవా' ఇస్మత్ చుగ్తాయీ కథ ఆధారంగా, కైఫీ ఆజ్మీ, షమా జైదీల రచనతో తయారైనది. 1973 నాటి ఈ చిత్రానికి ఫిల్మ్ ఫైనాన్స్ కార్పొరేషన్ డబ్బు అప్పుగా ఇచ్చినది. చిత్రీకరణ స్థలంలో శబ్దాన్ని నమోదు చేయు పరికరాలకు డబ్బు చాలక, మూగగా చిత్రీకరించి మాటలనూ శబ్దాలనూ తరువాత చేర్చవలసివచ్చినది. కథానాయక పాత్ర ధరించిన బల్‌రాజ్ సహానీ ఆ చిత్రానికి తన మాటలు చెప్పి ముగించిన మరునాడే, 1973 ఏప్రిల్ 13న, కన్నుమూశారు. ఇట్లా ప్రతి శబ్దాన్నీ తరువాత ఎంచి చేర్చవలసిన చిత్రంలో సంగీతాన్ని ధారాళంగా పోసి లోపాలను కప్పివేయుట ఎంత తేలిక! సత్యూ గారు ఆ పని చేయలేదు.

ఆ చిత్రానికి సంగీతం కూర్చినవారు సరోద్ విద్వాంసులు ఉస్తాద్ బహదూర్ ఖాన్. ఋత్విక్ ఘటక్ చిత్రాలకు కూడా పనిచేసిన ఈయన నేటి బంగ్లాదేశ్ ప్రాంతంలో జన్మించినవారు. దేశ విభజన అనగానేమో ఆయనకు ఒకరు చెప్పవలసిన పని లేదు. సలీం చిష్తీ దర్గాను స్తుతించే ఖవ్వాలీని పాడినవారు మన హైదరాబాదుకు చెందిన అజీజ్ అహ్మద్ ఖాన్ వార్సీ. ఆగ్రాలోని చెప్పుల వ్యాపారి సలీం మీర్జా కుటుంబం ఈ దేశంలో ఉండుటయా, వెడలుటయా అని నలిగిపోవు కథ అది. ఆ ఖవ్వాలీ అక్కడ 'ముస్లిం వాతావరణం' కొరకు తెచ్చి పెట్టిన అలంకారం కాదు. ఆ కుటుంబం ఏ మట్టిని విడువలేకున్నదో ఆ మట్టి గొంతు అది. మా చిత్రంలోని ఎడారి బాణీకి, ఈ ఖవ్వాలీకి గల భేదాన్ని గ్రహించిననాడే మాకు మా తప్పు పూర్తిగా తెలిసివచ్చినది.

తిరుమలగిరిలో పుట్టి, నిజాం కళాశాలలో చదివిన శ్యాం బెనెగల్ గారు 1974లో 'అంకుర్' తీశారు. హైదరాబాదు చేరువలోని పల్లెలో తీసిన ఆ చిత్రంలో మన దక్కనీ మాట వినిపిస్తుంది. దానికి సంగీత దర్శకులు వనరాజ్ భాటియా. లండనులోని రాయల్ అకాడమీలోనూ, పారిస్‌లో నాదియా బూలాంజే వద్దనూ పాశ్చాత్య సంగీతాన్ని అభ్యసించి వచ్చిన విద్వాంసుడాయన. దేశంలో ఆయనకు తొలుత పని కల్పించినవి ప్రకటన చిత్రాలు. అంతటి విద్య నేర్చినవాడు 'అంకుర్'లో చూపిన సంయమం చూడవలెను. తనకు తెలిసినదంతా వినిపించవలెనన్న తహతహ ఎక్కడా లేదు. పొలం, గాలి, మనుషుల మాట, అడుగుల చప్పుడు, ఇవే ఎక్కువ. కనుకనే చివరి ఘట్టంలో బాలుడు విసిరిన రాయి అద్దం మీద పడినప్పుడు ఆ శబ్దం మన గుండె మీద పడినట్లుంటుంది. అదే భాటియా గారు 1976లో, గుజరాతు పాడి రైతులు 5 లక్షల మంది తలకు రెండేసి రూపాయలు వేసికొని నిర్మించిన 'మంథన్'కు పనిచేసినప్పుడు, ఆ నేలకు తగిన పల్లె బాణీని ఆశ్రయించారు. 1995లో సయీద్ మీర్జా గారి 'నసీం'కు కూడా ఆయనే సంగీతం సమకూర్చారు. భాటియా గారు 2021లోను, బెనెగల్ గారు 2024లోను మరణించారు. వారి చిత్రాలు మాత్రం చదువుకొనదలచిన విద్యార్థికి పాఠశాలలై నిలిచి ఉన్నవి.

ఉర్దూ కథ తెలుగు తెర మీద పలికిన సందర్భాలు కూడా ఇక్కడ స్మరింపదగినవి. 1935లో మొదట ఉర్దూలో అచ్చయిన ప్రేంచంద్ కథ 'కఫన్'ను మృణాల్ సేన్ గారు 1977లో 'ఒక ఊరి కథ'గా తెలుగులో తీశారు. సంగీతం వేణు విద్వాంసులు విజయరాఘవరావు గారిది. కృష్ణచందర్ ఉర్దూ నవల 'జబ్ ఖేత్ జాగే' గౌతం ఘోష్ దర్శకత్వంలో, బి. నరసింగరావు గారి నిర్మాణంలో 'మా భూమి' అయినది. జానపద గేయాల సేకరణకు పేరొందిన వింజమూరి సోదరీమణులలో ఒకరైన సీత గారు దాని సంగీతంలో పాలుపంచుకొన్నారు. తెలంగాణ పోరాటకాలపు యాదగిరి పాటను గద్దర్ తన గొంతుతో, తానే తెరమీద కనిపించి పాడారు. ఆ పాట ఏ స్టూడియోలోనో పుట్టి ఉంటే అది ఆ జనం నోట అట్లా నిలిచి ఉండేది కాదు. రెండు భాషలూ ఒకే కప్పు క్రింద చదువుకొనే మన కళాశాలకు ఇంతకంటె దగ్గరి ఉదాహరణ దొరకదు.

ఈ పెద్దలందరూ చేసిన పనిలో మాకు కనబడు సామాన్య ధర్మం ఒక్కటే. వారు మొదట విన్నారు, తరువాత కూర్చారు. ఋత్విక్ ఘటక్ 1960 నాటి 'మేఘే ఢాకా తారా'లో నాయిక నీతా గుండె పగిలిన ఘట్టంలో వినిపించినది వయొలిన్ కాదు, కొరడా దెబ్బ. ఆ శబ్దం అక్కడ వాస్తవంగా ఉండుటకు వీలు లేదు. అయినా అది ఆమె బ్రతుకులో నుండి వచ్చినదే. కనుక స్థలాన్ని వినుట అనగా ఆ స్థలంలోని చప్పుళ్ళను యథాతథంగా పేర్చుట మాత్రమే కాదు. ఆ మనిషి లోపల మ్రోగుచున్నదేదో గుర్తించుట.

ఇక్కడ కొన్ని అభ్యంతరాలు రావచ్చును. "ఉచితంగా దొరికేదాన్ని ఎందుకు వదలుకొనవలెను? పేద విద్యార్థి సంగీతకారునికి డబ్బు ఎక్కడనుండి తెచ్చును?" అని కొందరు అడుగుతారు. అభ్యంతరం న్యాయమైనదే. కాని మాకు తెలిసివచ్చినది ఏమనగా, చిన్న చిత్రానికి కావలసిన సంగీతం చాలా కొద్ది. 12 నిమిషాలకు 12 నిమిషాల సంగీతం కావలెనన్న భ్రమ వలననే ఉచిత బాణీల వెంట పడుతున్నాము. నిజానికి ఒక్క నిమిషం చాలును. ఆ ఒక్క నిమిషానికి మన పేటలోని హార్మోనియం వాద్యకారునికి, షెహనాయి ఊదేవానికి, ఒగ్గు కథ డోలు కళాకారునికి మన శక్తికొలది ముట్టజెప్పవచ్చును. పెళ్ళి ఊరేగింపులలో పెద్ద పెద్ద స్పీకర్లు వచ్చిన తరువాత వారికి పని తగ్గినది. నేడు కంప్యూటరుకు నాలుగు మాటలు చెప్పినచో అదే బాణీ కట్టి ఇచ్చుచున్నది. ఆ బాణీ వినుటకు ఇంపుగానే ఉండవచ్చును. కాని "మా సందులో ఎన్నడూ మ్రోగలేదే" అన్న ప్రశ్నకు అది కూడా సమాధానం చెప్పజాలదు.

"సంగీతం లేనిచో ప్రేక్షకునికి విసుగు పుట్టదా?" అన్నది మరొక ప్రశ్న. ఘట్టంలో బలం లేనప్పుడు విసుగు పుట్టును. అప్పుడు సరిచేయవలసినది ఘట్టాన్ని. బలహీనమైన గోడకు రంగు పూసినంత మాత్రాన అది నిలువదు. పైగా సంగీతం ఎడతెగక మ్రోగుచున్నచో చెవి దానికి అలవాటుపడి, అవసరమైన చోట కూడా చలించదు.

"అట్లయినచో పరదేశ వాద్యాలు నిషిద్ధమా?" అని అడిగేవారికి మా సమాధానం: ఎంతమాత్రం కాదు. మేము శుద్ధివాదం చెప్పుట లేదు. షెహనాయి అయినంత మాత్రాన అది నిజమూ కాదు, పియానో అయినంత మాత్రాన అబద్ధమూ కాదు. మన ఖవ్వాలీకి ప్రాణమైన హార్మోనియమే ఐరోపా నుండి వచ్చినది. భాటియా గారి విద్య పాశ్చాత్యం. వాద్యం ఎక్కడిదన్నది ప్రశ్న కాదు. చిత్రంలోని మనిషిని ఎరిగినవాడు దానిని ఎంచెనా, ఎరుగనివాడు ఎంచెనా అన్నదే ప్రశ్న.

మా తోటి విద్యార్థులలో చిత్రాలు తీయదలచినవారికి మా స్వల్పానుభవం నుండి కొన్ని సూచనలు మనవి చేస్తున్నాము. చిత్రీకరణ ముగిసిన ప్రతి చోట అందరినీ మౌనంగా ఉండుమని, ఒక నిమిషం పాటు ఆ చోటి నిశ్శబ్దాన్ని నమోదు చేసికొనుడు. ప్రతి గదికీ తనదైన నిశ్శబ్దం ఉంటుంది. ఫ్యాను తిరిగే గది వేరు, రేకుల కప్పు క్రింది గది వేరు. చిత్రాన్ని కూర్చిన పిమ్మట మొదటి మూడు సార్లు ఏ సంగీతమూ లేకుండా చూడుడు. మాట గాని, చప్పుడు గాని, ముఖం గాని చెప్పలేకపోయిన సంగతి ఎక్కడ మిగిలినదో గుర్తు పెట్టుకొనుడు. అక్కడ మాత్రమే సంగీతానికి చోటున్నది. అక్కడైనా ఒకే వాద్యంతో ప్రయత్నించుడు. పాత్రలు మాట్లాడుచున్నప్పుడు మాటల స్థాయిలోనే పలికే వయొలిన్, వేణువు వంటివాటిని తగ్గించి, తంబూరా వంటి మంద్రనాదాన్ని ఉంచినచో మాట మరుగుపడదు. అన్నింటికంటె ముఖ్యంగా, చిత్రంలో కనబడు మనుషులకు దానిని ముందుగా వినిపించుడు. వారికి రాగాల పేర్లు తెలియకపోవచ్చును. అబద్ధం మాత్రం తప్పక తెలుస్తుంది.

మేము మా చిత్రాన్ని తిరిగి కూర్చాము. పియానో తీసివేశాము. ఎడారి బాణీని తీసివేశాము. చాచా దుకాణానికి మళ్ళీ వెళ్ళి రెండు రాత్రులు కూర్చొని, ఆయన కాలిమిషను చప్పుడునూ, కత్తెర గుడ్డను కోయు చప్పుడునూ, సందు చివర చాయ్ హోటలులో సాసర్ల మోతనూ నమోదు చేశాము. నమాజు ఘట్టంలో ఏమీ పెట్టలేదు. ఆగిన మిషను నిశ్శబ్దమే అక్కడ చాలినది. ఖవ్వాలీ బృందంలో హార్మోనియం వాయించే పెద్దమనిషి ఒకరు మా పక్క సందులోనే ఉంటారు. ఆయనను అడుగగా వచ్చి, చిత్రాన్ని చూచి, "ఎక్కడ మొదలుపెట్టవలెనో తెలిసినది. ఎక్కడ ఆపవలెనో చెప్పండి" అన్నారు. ఈ విద్యకంతటికీ ఆ ఒక్క ప్రశ్న పునాది అని మాకు అప్పుడు తోచినది. మనుమని చొక్కా గుడ్డ మడత విప్పకుండానే బల్ల మీద మిగిలిపోయిన ఘట్టానికి ఆయన వాయించినది 40 సెకన్లు. మేమందరం చందా వేసికొని ఆయనకు పారితోషికం ఇచ్చాము. ఆయన మొదట వద్దన్నారు, మేము ఒప్పుకొనలేదు.

రెండవసారి చాచాకు చూపించినప్పుడు ఆయన సంగీతాన్ని గురించి ఒక్క మాట కూడా అనలేదు. తెరవైపు కొంచెం వంగి విని, "ఆ రాత్రి మిషను బెల్టు వదులుగా ఉండెను. వినిపించుచున్నది చూడండి" అన్నారు. తరువాత మనుమని పిలిచి పక్కన కూర్చుండబెట్టుకొని, మరొకసారి వేయుమన్నారు.

అంతకు మించిన మెప్పు మాకు అవసరం లేదు. ఈ కళాశాల నుండి వెలువడబోయే చిత్రాలలో మన పేటలు, మన పెద్దలు, మన రెండు భాషలు తమ గొంతుతో తామే వినిపించవలెనన్నది మా ఆకాంక్ష. మనలను గురించి ఇతరులు మ్రోగించిన బాణీలకు నొచ్చుకొను హక్కు మనకున్నది. కాని అదే బాణీని మన చేతులతో మనమే మన పెద్దల మీద మ్రోగించుకొన్ననాడు ఆ హక్కు కూడా మిగులదు. ముందు విందము, కూర్చుట పిమ్మట నేర్చుకొందము.